స్పందగర్భ లోహము

ఆంగ్లభాషలో వెలసిన బొమ్మల కథలయందును, వాని ననుసరించి తీయబడిన చలనచిత్రములయందును వైబ్రేనియమను కల్పిత లోహ మొకటి ప్రసిద్ధమై యున్నది. తన్ను తాకిన కంపమును మ్రింగి, లోన దాచుకొని, వలసినపుడు వెలికి విడుచుట దాని గుణము. నేడీ లోహము పేరు తెలుగు బడులలోని బాలురకు నోటికి వచ్చును. వారికి కావ్యపాఠము చెప్పు పండితులలో ననేకులకు మాత్రము దాని పొడయే గిట్టదు.

దీనినిగూర్చి వినవచ్చు అభిప్రాయములు రెండు. ఇది బాలుర ప్రల్లదము, విమర్శకు తగదనుట మొదటిది. ఇట్టిది మన రసవాదులకు మున్నే తెలియును, సిద్ధనాగార్జునుని కెరుకపడనిది లేదనుట రెండవది. మొదటివారు పరిశీలింపక త్రోసివేయుచున్నారు. రెండవవారు పరిశీలింపక సొంతము చేసికొనుచున్నారు. రసవాదులు కోరినది హీనలోహమును బంగారము చేయుట. స్పర్శవేది ఇనుమును మార్చునే కాని దాని మ్రోతను దాచదు. ఒక వస్తువు మరియొక వస్తువగుటకును, ఒక వస్తువు తనపై బడిన దెబ్బను నిక్షేపముగా నుంచుకొనుటకును పోలిక లేదు. కావున ప్రాచీనతాగర్వ మిచట నిలువదు. నిరాదరమును నిలువదు, ఏలయనగా లోకమున లేని వస్తువును కల్పించి, దానికొక గుణము నారోపించి, ఆ గుణమునుండి కథ నడుపుట ప్రబంధకవులకు కొత్తపని కాదు. కట్టమంచి రామలింగారెడ్డి 1914లో వెలువడిన కవిత్వతత్త్వ విచారమున పింగళి సూరనను విమర్శించునపుడు కల్పనకును కథానిర్మాణమునకును పెద్దపీట వేసెను. ఆ పీటపై దేశాంతర కల్పనను గూర్చుండబెట్టి పరీక్షించుట తప్పు కానేరదు.

ముందుగా నీ లోహము చరిత్ర. 1966లో అమెరికాలోని మార్వెల్ సంస్థవారి కథలయందిది రెండు రూపములతో పొడసూపినది. డేర్‌డెవిల్ కథలో నిది అంటార్కిటికా ఖండమున దొరకునది. తనలోని కంపముచే నితర లోహములను కరగించును. అదే సంవత్సరమున స్టాన్ లీ, జాక్ కిర్బీలు ఫెంటాస్టిక్ ఫోర్ కథలో వకాండా యను ఆఫ్రికా రాజ్యమును కల్పించి, ఆ రాజ్యపు గనులలో కంపములను పీల్చుకొను మరియొక రూపమును చూపిరి. ఒకటి ధ్వంసము చేయునది, ఒకటి ధరించునది. లోకమున నిలిచినది రెండవదియే. 2011లో వచ్చిన కెప్టెన్ అమెరికా చిత్రమున నాయకుని డాలు దీనితో చేయబడినదే. 2018లో రయాన్ కూగ్లర్ దర్శకత్వమున వచ్చిన బ్లాక్ పాంథర్ చిత్రమున నాయకుని కవచము తనపై బడిన ప్రతి దెబ్బను కూడబెట్టి, ఒక్కమారుగా విడిచి శత్రువులను విసరివేయును. అదే యేటి అవెంజర్స్ చిత్రమున కడపటి యుద్ధము వకాండాలోనే జరుగును. దాని తెలుగు రూపమున ప్రతినాయకుడగు థానోసునకు గొంతు నిచ్చినవాడు దగ్గుబాటి రానా. ఈ కల్పన తెలుగునాట ఎంతదూరము వచ్చినదో తెలుపుట కిది చాలును.

లోహములు మ్రోతను గ్రహించు తీరు తెలిసిననే కాని యీ కల్పనలోని విశేషము తెలియదు. కంచు నూటికి సుమారు 78 పాళ్లు రాగియు, 22 పాళ్లు తగరమును గల మిశ్రమము. దెబ్బ తగిలినపుడు దానిలోపలి రాపిడి స్వల్పమగుటచే కంపము త్వరగా అణగదు. గాలిలోనికి కొంచెము కొంచెముగా జారుచు చాలసేపు మ్రోగును. సీసమును గొట్టిన నట్లు కాదు. పోతయినుములోని నల్లసీసపు పొరలు కంపము నణచును. కావుననే యంత్రముల పీఠములను దానితో పోయుదురు. మాంగనీసును రాగియు కలిపిన కొన్ని మిశ్రమము లింకను నెక్కువగా నణచును. కాని యణగిన కంపమెల్ల వేడిమియై పోవును. మరల కంపమై తిరిగిరాదు. ఇచ్చు లోహము దాచదు, మ్రింగు లోహము తిరిగి యీయదు. ఇది ప్రకృతి. కల్పిత లోహ మీ రెండింటిని నొక్కచోట చేర్చినది: సీసమువలె మ్రింగును, కంచువలె నిచ్చును, ఎప్పుడీయవలయునో ధరించినవాడు నిర్ణయించును. ప్రకృతిని మీరిన మాట యిదొక్కటియే. మిగిలినదంతయు దానినుండి పుట్టవలెను.

తెలుగువారికి మ్రోగు లోహమును, మ్రోగని లోహమును కొత్తవి కావు. కంచు మ్రోతను, బంగారపు మౌనమును ప్రక్కప్రక్కన నుంచి అల్పుని మాటకును సజ్జనుని మాటకును భేదము చూపిన వేమన పద్యము బడిపిల్ల లెరిగినదే. ఆ పద్యమున మౌనమే గౌరవము. వైబ్రేనియమును మౌనలోహమే. అయితే బంగారము పలుకకుండుట శాంతము. ఇది పలుకకుండుట కూడబెట్టుట. ఒకటి తృప్తుని మౌనము, రెండవది లోన లెక్క వ్రాసికొనువాని మౌనము. ఈ రెండవ మౌనమే కథకు బీజము.

అలంకారశాస్త్రమునను మ్రోత కొక పెద్ద స్థానము కలదు. తొమ్మిదవ శతాబ్దమున కాశ్మీరమున ఆనందవర్ధనుడు ధ్వన్యాలోకమున వ్యంగ్యార్థమును వివరించుచు, ఘంట కొట్టిన పిదప వినవచ్చు అనురణనముతో నొక భేదమును పోల్చెను. వాచ్యార్థము దెబ్బ, వ్యంగ్యార్థము దాని వెంట వచ్చు మ్రోత. రెంటి నడుమ క్రమము స్పష్టముగా తెలియును. ఈ పోలికలో ముఖ్యమైన దొకటి మరువరాదు. అనురణనము దెబ్బకు నకలు కాదు. కొట్టిన కర్రచప్పుడు మొరటుగా నుండవచ్చును. వెంట వచ్చు నాదము మధురముగా నుండును. లోహము తన స్వభావమును దానిలో కలిపినది. తీసికొన్నదానినే తీసికొన్నట్లు తిరిగి యిచ్చిన నది ధ్వని కాదు, ప్రతిధ్వని మాత్రమే. కల్పిత లోహమును గొలుచుటకు మన శాస్త్రమున నున్న కొలత యిదియే.

ప్రతిధ్వనికిని నిక్షేపమునకును గల భేదమును చూచుటకు దూరదేశము పోనక్కరలేదు. హైదరాబాదులో టోలిచౌకి ప్రక్కనే గోలకొండ కోట యున్నది. బాలాహిస్సారు ద్వారమున గుమ్మటము క్రింద నిలిచి చప్పట్లు చరచిన, కొండ కొననున్న మండపమున వినబడునని ప్రసిద్ధి. చూడవచ్చినవా రెల్లరు నట్లు చరచి చూచుచుందురు. ఆ రాళ్లు ధ్వనిని దాచునని కొందరు మురిసిపోదురు. అది నిజము కాదు. వంపుదేరిన కప్పు ధ్వనిని నలుదిక్కుల చెదరనీయక మరలించును, అంతియే. ఎంత త్వరగా తీసికొనునో అంత త్వరగా విడుచును. 1687లో ఔరంగజేబు సేనలు మాసములతరబడి ముట్టడించి ఆ కోటను పట్టుకొన్నవి. ఫిరంగుల మ్రోతలును, హాహాకారములును ఆ గోడలకు తగిలియే యుండును. వానిలో నొక్కటియు నేడు వినబడదు. కట్టినవారి నేర్పు మెచ్చదగినదే. కాని గోలకొండ గుమ్మటము దూత, కోశాధికారి కాదు.

టోలిచౌకినుండి షేక్‌పేట మీదుగా నుత్తరమునకు పోయిన ఫిలింనగరము వచ్చును. తెలుగు చలనచిత్రములకు నెలవైన యాచోట మరియొక విధమగు దాపరికము కనబడును. కంపమును లోహమున నుంచు విద్య 19వ శతాబ్దముననే మొదలైనది. 1877లో ఎడిసను తగరపు రేకుపై సూదితో గంటు పెట్టి మనుష్యుని మాటను దానినుండియే తిరిగి పలికించెను. 1898లో డెన్మార్కు దేశీయుడగు పౌల్సెను ఉక్కుతీగెపై అయస్కాంతశక్తితో మాటను నిలిపెను. 1932లో హెచ్. ఎం. రెడ్డి దర్శకత్వమున విడుదలయిన భక్త ప్రహ్లాద మొదటి తెలుగు మాటల చిత్రము. నాటి ఫిలిమునందు ధ్వని బొమ్మ ప్రక్కన సన్నని పట్టెగా నుండెడిది. ఆ పట్టెలోని ముదురు లేత లన్నియు వెండి కణములే. వెలుగు దానిగుండ పోయి హెచ్చుచు తగ్గుచు విద్యుత్తయి, మరల ధ్వనియగును. పలికినవారు పోయిన పిదపను వెండి పలికినది. నేడు ఫిలిము స్థానమున సంఖ్యారూపమగు లేఖనము వచ్చినది. ఆ సంఖ్యలను దాచు అయస్కాంత ఫలకములపైనను కోబాల్టు కలిసిన పలుచని లోహపు పొర యుండును. కంపమును దాచి యిచ్చు లోహము కేవలము కట్టుకథ యని నవ్వువారు తాము చూచు ప్రతి పాత చిత్రమునందు దానినే వినియున్నారు.

అయినను వెండి దాచినది కంపమును కాదు, కంపముయొక్క రూపమును. ప్రహ్లాదుని గొంతులోని బలము వెండిలో లేదు. వినిపించు బలము యంత్రమున కిచ్చిన విద్యుత్తునందున్నది. వెండి దాచినది లిపి. వైబ్రేనియమట్లు కాదు. అది బలమును దాచును, రూపమును మరచును. పిడికిటి పోటైనను, తుపాకి గుండైనను దానికొక్కటే. రెండును కలిసిపోయి యొకే రాశియగును. ఎవరు కొట్టిరో, ఏల కొట్టిరో దానికి తెలియదు. గుమ్మటము రూపమును బలమును రెంటిని దాచక మరలించును. వెండి బలమును విడిచి రూపమును దాచును. కల్పిత లోహము రూపమును విడిచి బలమును దాచును. ఈ మూడింటిని వేరుపరుపకయే కొందరు గోలకొండ రాయిని వైబ్రేనియముతో పోల్చుచున్నారు. పోలిక పైపైదే.

నాల్గవది యొకటి మన కావ్యమున కలదు. పదునారవ శతాబ్దమున పింగళి సూరన రచించిన కళాపూర్ణోదయమున మధురలాలస యను పసిపాప మెడలో హారము వేయబడును. అందలి మణి వక్షమునకు సోకినంతనే మాటలు రాని యా శిశువు పూర్వజన్మవృత్తాంతమును పలుకును. ఆ జ్ఞాపకము మణిలో దాగినదా, శిశువుననే నిద్రించుచుండగా మణి మేల్కొల్పినదా యని తర్కింపవచ్చును. ఎట్లయినను బయటికి వచ్చినది బలమును కాదు, ఉత్తలిపియు కాదు, అర్థము. అంతవరకు ముడివడియున్న జన్మముల కథ యా పలుకులతో విడివడును. మణి లేకున్న కథ చిక్కు విడదు. కథలో చిక్కు లేకున్న మణికి పనిలేదు. సూరన కల్పనలోని గొప్పతన మీ యన్యోన్యాపేక్షయే. అద్భుతవస్తువు కథపై నతికించిన రత్నము గాక కథకు తాళపుచెవి యైనది.

ఈ కొలతతో 2018 నాటి చిత్రమును చూచిన గుణదోషములు రెండును తేటపడును. దోషము ముందు. కంపమును దాచుట యొక్కటే గుణమని ప్రతిజ్ఞ చేసిన వస్తువుచేత నా చిత్రమున చేయింపని పని లేదు. దానితో బండ్లు నడచును, విమానము లెగురును, వస్త్రములు నేయబడును, వెన్నున గుండు దిగినవాడు మరునాటికి లేచి తిరుగును. ఇది యతివ్యాప్తి. లక్షణము వస్తువును దాటిపోయినపుడు లక్షణమే మిగులదు. అన్నియు చేయు లోహమును లోహమనుటకంటె మంత్రమనుట మేలు. మంత్రమైనచో దానికి గనులేల, త్రవ్వుట యేల? సూరన మణి యొక్కపనియే చేసినది, అందుచేతనే స్మరణీయమైనది.

గుణము రెండు చోట్ల కనబడును. మొదటిది హద్దు. కథాంతమున టిచాలా, కిల్మాంగర్ అను దాయాదు లిద్దరును కవచధారులై గనిలో పోరుదురు. ఇద్దరి దెబ్బలను కవచములు మ్రింగుచుండగా గెలుపెవరికిని లేదు. ఆ గనిలో బండ్లు పోవు దారిప్రక్క ధ్వనితో లోహశక్తి నణచు ఉపకరణములున్నవి. బండి పోయినప్పుడెల్ల కవచములు క్షణకాలము నిర్వీర్యములగును. ఆ క్షణములందే గాయములు తగులును. అట్టి క్షణముననే పోరు ముగియును. కంపమును మ్రింగునది కంపముచేతనే లొంగినది. కవి తాను పెట్టిన నియమమునకు తానే కట్టుబడినాడు. పురాణములలో వరము పొందిన రాక్షసుని చావు వరములోని సందునుండియే వచ్చును. హిరణ్యకశిపుని కథ వినని తెలుగువాడు లేడు. ఆ న్యాయమే యిచటను నడచినది.

రెండవది సామ్యము. టిచాలా తండ్రి తన తమ్ముని చంపి, ఆ తమ్ముని కొడుకును పరదేశమున ననాథగా విడిచి, సంగతిని దాచిపెట్టెను. ఆ బాలుడే కిల్మాంగర్. అతడు తనపై బడిన దెబ్బలన్నియు నేండ్లకొలది లోన కూడబెట్టుకొని, ఒక్కమారుగా వకాండాపై విడుచును. వకాండాయును తన సంపదను లోకమునకు తెలియకుండ దాచిన రాజ్యమే. దాచిన దేశము, దాచిన పాపము, దాచిన దుఃఖము: ఈ మూడింటికిని లోహ మొక్కటే ఉపమానము. చిత్రమున నెవ్వరు నీ మాటను నోట పలుకరు. పలుకకున్నను తెలియుచున్నది. ఇదియే అనురణనము. కిల్మాంగర్ విడిచిన బలము వచ్చిన బలమువంటిదే. హింసగా వచ్చినది హింసగా పోయినది. టిచాలా మాత్రము ఆ బాలుని విడిచిన ఊరిలోనే సహాయకేంద్రమును నెలకొల్పును. గాయముగా వచ్చినది దానముగా వెడలినది. దెబ్బ యొకటి, నాద మొకటి. లోహము చేయలేనిదానిని మనుష్యుడు చేసినాడు. చిత్రమున శాశ్వతముగా నిలుచు భాగ మిదియే కాని యెగురు బండ్లు కావు.

ఇక నామధేయ విచారము. వైబ్రేనియమను పేరు కంపించుట యను నర్థము గల లాటిను ధాతువునకు మూలద్రవ్యముల పేళ్ల చివర వచ్చు ప్రత్యయమును చేర్చి చేసినది. సంజ్ఞానామమును తెనిగింప బనిలేదని కొందరందురు. కథలో పేరు పేరుగానే యుండవచ్చును. కాని విమర్శలోను పాఠములోను వస్తుస్వభావమును తెలుపు మాట యొకటి కావలెను. గోలకొండ యేలిన ఇబ్రహీం కుతుబ్షా కాలమున పొన్నెకంటి తెలగనార్యుడు యయాతి చరిత్రమును అచ్చతెనుగున రచించి అమీనుఖానున కంకితము చేసెను. మాట పుట్టింపలేమని వెనుదీయుట ఆ గోలకొండ సీమవారికి తగదు.

కంపలోహమనిన శాస్త్రము సమ్మతించునేమో కాని చెవి సమ్మతింపదు. తెలుగున కంప యనిన ముండ్లచెట్టు. నాదలోహమనుట వస్తువిరుద్ధము, ఆ లోహము నాదమును మ్రింగునదే కాని చేయునది కాదు. అదురు అను అచ్చతెనుగు మాట యర్థమునకు సరిపోవును. కాని అదురుగర్భమనిన వైరిసమాసము. పైగా చలనచిత్ర ప్రకటనలలో అదిరినదనుట మెప్పుమాటగా మారినందున బాలురకు నవ్వు వచ్చును. స్పందగర్భమను మాట వీనికంటె మేలు. స్పందము కంపమునకు పర్యాయము. గర్భము ధరించుటను, కాలము వచ్చినపుడు ప్రసవించుటను రెంటిని తెలుపును. ధరించినది ధరించినట్లే రాదు, పెరిగి రూపు మారి వచ్చును. ఆ లోహమునందు లేనిదియు, దాని చుట్టు నల్లిన మంచి కథయందు ఉన్నదియు నీ యర్థమే. కావున పేరు వస్తువును చెప్పుటయే గాక, వస్తువుకడ కవి చేయవలసిన పనినిగూడ చెప్పుచున్నది.

అద్భుతవస్తు కల్పనను పాఠముగా చెప్పు ఉపాధ్యాయుడు బాలుర నడుగవలసిన ప్రశ్నలు మూడు. దాని గుణ మొకటియేనా, పలుకా? దానికి హద్దు కలదా? పాత్రల హృదయములలో దానికి జోడు కలదా? ఈ మూడు ప్రశ్నలకు సూరన మణి యుత్తరమిచ్చును. వకాండా లోహము మొదటి ప్రశ్నకడ తడబడి, తక్కిన రెండింటికి చక్కగా బదులు చెప్పును. బాలుడు తాను మెచ్చిన వైబ్రేనియమునుండి బయలుదేరి మధురలాలస హారమువరకు నడచి రాగలిగిన, కళాపూర్ణోదయమునకు కొత్త పాఠకు డొకడు దొరకినట్లే. త్రోసివేసినను, మనదేయని చంక లెగురవేసినను ఆ పాఠకుడు దొరకడు.